మద్రాసు ట్రాము: చచ్చిందా, చంపారా?

మా నాన్నగారు పుట్టి పెరిగింది మద్రాసు తిరువల్లిక్కేణిలో. మా మేనమామది బెజవాడ. బస్సు డిపో మేనేజరుగా చేసి రిటైరయ్యాడు. ఇద్దరూ కలిస్తే రాజకీయాల మీద వాదించుకుంటారు, అవి అయిపోతే రవాణా మీద. 2024లో బెంగాల్ ప్రభుత్వం కలకత్తాలో ఎస్ప్లనేడు–మైదానం ముక్క ఒక్కటీ ఉంచి మిగతా ట్రాములు ఆపేస్తామని ప్రకటించింది కదా, ఆ మాట మీద మొదలై మద్రాసు దాకా పోయిన వాదన ఇది. పక్కన కూర్చుని రాసుకున్నాను. తేదీలూ అంకెలూ నేను సరిచూశాను. దెప్పిపొడుపులు మాత్రం వాళ్ళవే.

మామయ్య: పోనిద్దురూ బావగారూ, గుర్రాలు లాగిన రోజులతో కలిపితే నూట యాభై ఏళ్ళు గడిచాయి. నిండు నూరేళ్ళ పైన బతికినదానికి ఏడుపెందుకు?

నాన్నగారు: నా ఏడుపు కలకత్తా గురించి కాదయ్యా, మా ఊరి గురించి. 1895 మే 7న మద్రాసులో కరెంటు ట్రాము నడిచింది. దేశంలో అదే మొదటిది. అప్పటికి లండన్లో ట్రాములు గుర్రాలే లాగుతున్నాయి. వాళ్ళకి కరెంటు ట్రాము 1901లో గానీ రాలేదు. కలకత్తాకి 1902, బొంబాయికి 1907. అందరికన్నా ముందు పుట్టినదాన్ని యాభై ఎనిమిదేళ్ళకే, 1953 ఏప్రిల్ 12న, పీక నొక్కేశారు.

మామయ్య: నొక్కేశారంటే ఎవరు? కంపెనీ 1950 నాటికే దివాలా ఎత్తింది. ఊపిరి పోయాక తలకొరివి పెట్టినవాణ్ణి పట్టుకుని హంతకుడంటే ఎలా?

నాన్నగారు: దివాలా దానంతటది వస్తుందా? తెప్పించాలి.

మామయ్య: సరే, మొదటినుంచీ చూద్దాం. మొదటిది కావడం గొప్పే. కానీ మొదట దిగినవాడు తినే దెబ్బలన్నీ మీ ట్రామే తింది. తొలిరోజుల్లో కరెంటు తీగ పైన లేదు, వీధి కింద ఉండేది. రోడ్డు మధ్య సన్నటి చీలిక, దాని కింద చిన్న కాలువ, ఆ కాలువలో తీగ. బండి అడుగునుంచి ఒక పలక ఆ చీలికలోకి దిగి కరెంటు అందుకునేది. వీధిలో స్తంభాలు లేవు, తీగలు లేవు, చూడ్డానికి ముచ్చటే. కానీ అది చెన్నపట్నం. కార్తీకంలో వాయుగుండం పడితే వీధులే కాలవలవుతాయి. ఇక కాలవలో పెట్టిన తీగ సంగతి చెప్పాలా? చివరికి పైతీగలకి మారక తప్పలేదు. అంటే ఒకే లైనుకి రెండుసార్లు పెట్టుబడి. పాత కంపెనీ పోయి 1904 నాటి కొత్త కంపెనీ చేతికి వ్యవహారం వచ్చింది. పుట్టుకతోనే అప్పు అది.

నాన్నగారు: అప్పుతో మొదలుకానిది ఏది? రైళ్ళు కాలేదా, కాలవలు కాలేదా? నువ్వు ట్రాము ఎక్కలేదు కనక బ్యాలెన్సు షీటు చదువుతావు. బండికి రెండు పక్కలా తలే. తిప్పుకునే పని లేదు. చివరికొచ్చాక కండక్టరు దిగి, పైతీగని ఆనుకుని ఉన్న గడని తాడుతో లాగి రెండోవైపుకి తిప్పేవాడు. డ్రైవరు హ్యాండిలు ఊడదీసుకుని ఆ చివరినుంచి ఈ చివరికి నడిచొచ్చేవాడు. కాలి కింద గంట. కరెంటు తీగలోంచి వచ్చి పట్టాల్లోంచి తిరిగిపోతుందని బళ్ళో మాస్టారు చెబితే నాకు ఎక్కలేదు. ఒకరోజు గడ తీగమీంచి జారిపోయి బండి టక్కున ఆగినప్పుడు ఎక్కింది. సర్కారు జిల్లాల్లో రైలెక్కి సెంట్రల్లో దిగిన తెలుగువాడికి చెన్నపట్నమంటే మొదట కనిపించేది అదే. హైకోర్టులో అప్పీలుకొచ్చినవాడూ, ప్రెసిడెన్సీ కాలేజీలో చేరడానికొచ్చినవాడూ, తంబుచెట్టి వీధిలో ఆంధ్రపత్రిక ఆఫీసు వెతుక్కునేవాడూ, అందరూ దాన్నే పట్టుకునేవాళ్ళు. ప్యారిస్ కార్నరు, మౌంట్ రోడ్డు, పూనమల్లి హైరోడ్డు, రాయపురం, చాకలిపేట, మైలాపూరు — పట్నమంతా దాని చేతిలో ఉండేది.

మామయ్య: పట్నమంతా కాదండీ, పాత పట్నమంతా. అసలు గొడవ అక్కడే ఉంది. 1921లో 24 కిలోమీటర్ల పట్టాల మీద 97 బళ్ళు తిరిగాయి. అదే దాని పైమెట్టు. సరిగ్గా ఆ పదేళ్ళలోనే త్యాగరాయనగర్ లేచింది. 1931లో బీచి–తాంబరం రైలు కరెంటు రైలయింది. ఊరు ఆ రైలు లైను పట్టుకుని మాంబళం, సైదాపేట, గిండీ అంటూ నైరుతిగా నడిచిపోయింది. మీ ట్రాము మాత్రం పుట్టిన వీధుల్లోనే తిరుగుతూ ఉండిపోయింది. ఊరు పెరిగిన వైపు పెరగని బండి ఎన్నాళ్ళు బతుకుతుంది? నేను కొత్త కాలనీ లేచిందని తెలిస్తే మర్నాడు పొద్దున్నే ఒక ట్రిప్పు అటు తిప్పేవాణ్ణి. జనం ఎక్కితే ఉంచేవాణ్ణి, ఎక్కకపోతే తీసేసేవాణ్ణి. ట్రాముకి ఆ సావకాశం లేదు. ముందు రోడ్డు తవ్వాలి, పట్టాలు పరవాలి, స్తంభాలు పాతాలి, ఆ తరవాతే జనం ఎక్కుతారో లేదో తేలేది.

నాన్నగారు: పెరగలేదా, పెరగనివ్వలేదా? కంపెనీవాడు ఎందుకు పట్టాలు పొడిగించలేదో నువ్వే చెప్పు. ఆ చట్టం సంగతి కిందటిసారి నువ్వే చెప్పావు.

మామయ్య: చెప్పాను. ఆ కాలపు ఇంగ్లీషు ట్రాము కంపెనీలన్నిటి వెనకా వాళ్ళ దేశంలో 1870లో చేసిన చట్టం ఉంది. పట్టాలు వేసినవాడు పట్టాల మధ్య రోడ్డుతో పాటు అటూ ఇటూ పద్దెనిమిదేసి అంగుళాల రోడ్డు కూడా బాగుచేస్తూ ఉండాలి. గుర్రాల రోజుల్లో పెట్టిన షరతు అది. గుర్రం డెక్కలకి రోడ్డు చెడుతుంది, నిజమే. కరెంటు వచ్చాక ఆ గుర్రాలు పోయినా షరతు పోలేదు. పైగా ఇరవై ఒక్క ఏళ్ళు గడిస్తే లైనుని స్థానిక సంస్థ కొనేసుకోవచ్చు, అదీ అప్పటికి ఆ సామానుకి ఉన్న విలువకే. సంపాదించే వ్యాపారంగా లెక్కకట్టి కాదు.

నాన్నగారు: ఇంకేం మరి! రేపు పాత ఇనుము ధరకి లాక్కుంటారని తెలిసినవాడు ఇవాళ కొత్త బండి కొంటాడా? లండన్లో కూర్చున్న వాటాదారుడికి ఏటా డివిడెండు కావాలి. ఉన్నదాన్ని పిండుకున్నాడు, పెంచలేదు. ఇటేమో ట్రాము బాగుచేసిన రోడ్డు మీదే కొత్తగా వచ్చిన ప్రైవేటు బస్సు దొర్లుతూ, స్టాపు దగ్గర ట్రాముకన్నా ముందు ఆగి, జనాన్ని ఎక్కించుకుపోయేది. వాడు పన్ను కట్టాడంటావు. పన్ను కట్టడం వేరు, రోడ్డు వెయ్యడం వేరు.

(ఇక్కడ మామయ్య కాసేపు మాట్లాడలేదు. తన ఇంటి గుట్టు తనే చెప్పుకున్నట్టయింది. చాయ్ వచ్చాక వేరే దారి పట్టాడు.)

మామయ్య: యుద్ధం సంగతి మర్చిపోయారు. ట్రాముని చంపినదంటూ ఉంటే అది రెండో ప్రపంచ యుద్ధమే. పెట్రోలు లేదు. బస్సులకి వెనక బొగ్గు పొయ్యి తగిలించి ఆ గ్యాసుతో నడిపారు. చడావు వస్తే దిగి తొయ్యాలి. ఆ ఆరేళ్ళూ జనమంతా ట్రాము మీదే పడ్డారు. బండికి ఊపిరాడలేదు. స్పేర్ పార్టులు రావాల్సింది ఇంగ్లండు నుంచి, అక్కడి కార్ఖానాలు ఫిరంగులు చేస్తున్నాయి. అరిగిన పట్టా అరిగినట్టే, వదులైన చక్రం వదులైనట్టే నడిచింది. యుద్ధమయ్యాక జీతాలు పెరిగాయి, సామాను ధర పెరిగింది, టిక్కెట్టు మాత్రం ప్రభుత్వం చెయ్యెత్తితే గానీ పెరగదు. నాలాంటి వాడు ఒక్క ఏడాది లెక్క చూసి చెప్పగలడు ఆ కంపెనీ ఎటు పోతుందో.

నాన్నగారు: బానే ఉంది. మరి 1947లో మద్రాసు ప్రభుత్వం కరెంటు కంపెనీని తీసుకుంది. అదే ఏడు తన సొంత బస్సులు మొదలుపెట్టింది. కరెంటు తనదే, బస్సు తనదే. మధ్యలో ఈ రెండిటికీ చుట్టమైన ట్రాము ఒక్కటే పరాయిదయిపోయింది. టిక్కెట్టు ధర నిర్ణయించేదీ ప్రభుత్వమే, పోటీ బస్సు నడిపేదీ ప్రభుత్వమే. జడ్జీ వాడే, ప్రతివాదీ వాడే అయితే తీర్పు ఎవరి పక్షానొస్తుంది?

మామయ్య: తీర్పులో ద్వేషం లేదండీ, లెక్క ఉంది. కరెంటు కంపెనీ సంపాదిస్తుంది. బస్సుకి షెడ్డూ, డీజిలూ, డ్రైవరూ ఉంటే చాలు. ట్రాముకి ఊరంతా పట్టాలు మార్చాలి, బళ్ళన్నీ మార్చాలి. 1952–53లో ఆ డబ్బు ఎక్కడుంది? రాయలసీమ కరువులో ఉంది. ముఖ్యమంత్రి రాజాజీ అప్పుడే బియ్యం మీద రేషను ఎత్తేసి ఊపిరి పీల్చుకుంటున్నారు. పైగా 1952 జులైలో లండనే తన ట్రాములు మూసేసింది. అంత పెద్ద ఊరు ఇక చాలనుకున్నదాన్ని మద్రాసు అప్పుచేసి నిలబెట్టాలా?

నాన్నగారు: పులిని చూసి నక్క వాత పెట్టుకుందన్నమాట. మనకన్నా వెనక మొదలుపెట్టి మనకన్నా ముందు మూసిన లండన్, 2000లో మళ్ళీ క్రాయిడన్లో ట్రాము వేసుకుంది. పారిస్ 1938లో తీసేసి 1992లో మళ్ళీ వేసుకుంది. పులి వాతలు చెరుపుకుంటోంది. నక్క సంగతేమిటి?

మామయ్య: ఆ పులికి డబ్బుంది బావగారూ.

నాన్నగారు: డబ్బు ఒక్కటే కాదులే. 1952 డిసెంబరు 15న ఆంధ్ర రాష్ట్రం కోసం దీక్ష చేస్తూ పొట్టి శ్రీరాములు గారు పోయారు, రాయపేట హైరోడ్డులో, బులుసు సాంబమూర్తి గారింట్లో. 1953 మార్చి 25న నెహ్రూ పార్లమెంటులో ఆంధ్ర రాజధాని ఆంధ్ర గడ్డ మీదే ఉంటుందన్నాడు. అంటే మద్రాసు మనది కాదని తేల్చేశారు. మూడు వారాలు తిరక్కుండా ట్రాము ఆగింది. అక్టోబరు 1న రాష్ట్రం వేరయింది. ఎవరి పాలవుతుందో తేలక రెండేళ్ళుగా వేలాడుతున్న ఊరి పట్టాల మీద ఎవడు డబ్బు పెడతాడు?

మామయ్య: మీ రెండు దుఃఖాలూ ఒక మూట కట్టకండి. రాష్ట్రం ఒక్కటిగానే ఉన్నా ఆ ట్రాము ఆగేదే. ఒకటి రాజకీయం, ఒకటి తుప్పు.

(ఈ ఒక్క విషయంలో నేను మామయ్య పక్షం. నాన్నగారి కుటుంబం ఆ ఏడే మద్రాసు వదిలింది. ట్రాము పోయినందుకు బాధపడుతున్నారో, ఊరు పోయినందుకు బాధపడుతున్నారో ఆయనకే విడదీయడం రాదు. అది బాధ, వాదన కాదు. కానీ కంపెనీ, కరెంటు, బస్సు అన్న మూడింటి గురించి ఆయన అన్నది వాదనే, దానికి మామయ్య చెప్పిన జవాబు నాకు చాల్లేదు.)

నాన్నగారు: అయితే అమెరికా సంగతి చెప్పు. అక్కడ మోటారు కంపెనీలు ట్రాములు కొని మరీ పీకించాయంటారు కదా?

మామయ్య: అందరూ సగమే చెప్పుకునే కథ అది. జనరల్ మోటార్సు, ఫైర్‌స్టోను, చమురు కంపెనీలు కలిసి నేషనల్ సిటీ లైన్సు అనే సంస్థకి డబ్బు పెట్టాయి. అది ఊరూరా ట్రాము కంపెనీలు కొని బస్సులు తిప్పింది. 1949లో కోర్టు తప్పు పట్టింది, నిజమే. ఏమని? ఆ ఊళ్ళకి బస్సులూ టైర్లూ చమురూ తామే అమ్ముకునేలా గుత్తాధిపత్యానికి కుట్ర పన్నారని. ట్రాములు చంపారని కాదు. జుర్మానా ఎంతో తెలుసా? కంపెనీకి ఐదేసి వేల డాలర్లు, మనిషికి ఒక్కో డాలరు. అయినా మద్రాసుకి ఏ కుట్రా అక్కర్లేదు. ఎవరూ ఏమీ చెయ్యకుండా ఊరుకుంటే చాలు, ట్రాము దానంతటదే పోతుంది. బస్సు అలా కాదు, పాతదైతే కొత్తది ఒక్కటొక్కటిగా కొనుక్కోవచ్చు. ట్రాముకి మొత్తం ఒకేసారి రోగమొస్తుంది, మందూ ఒకేసారి పొయ్యాలి.

నాన్నగారు: చూశావా, ఊరుకున్నారని నువ్వే ఒప్పుకున్నావు.

మామయ్య: ఊరుకోవడం వేరు, చంపడం వేరు. పోనీ ఊరుకోకుండా చేసినవాళ్ళ సంగతి చూద్దాం. బొంబాయిలో 1947లోనే కార్పొరేషన్ ట్రాములూ బస్సులూ కరెంటూ అన్నీ కలిపి కొనేసింది. మీరు మద్రాసులో జరగాలన్నది అచ్చంగా అక్కడ జరిగింది. 1920లోనే రెండంతస్తుల ట్రాములు నడిపిన ఊరది. ఏమైంది? 1964 మార్చి 31న ఆఖరి ట్రాము. సొంతవాడే కొన్నాడు, సొంతవాడే మూశాడు. ఇక కలకత్తా. మద్రాసులో ట్రాము ఆగిన మూడు నెలలకే, 1953 జులైలో, అక్కడి ఇంగ్లీషు కంపెనీ రెండో తరగతి టిక్కెట్టు ఒక్క పైసా పెంచింది. ఊరు భగ్గుమంది. ట్రాములు తగలబెట్టారు, ప్రభుత్వం దిగొచ్చి పెంపు ఆపించింది. జనం గెలిచారు. ట్రాము ఓడిపోయింది. ఆ రోజు నిలిచిన పైసా తరవాత మూడు దశాబ్దాల నష్టాలకి మొదలు. 1967లో యాజమాన్యం ప్రభుత్వం చేతికొచ్చింది, ఆ తరవాత సొంతం కూడా చేసుకుంది. అయినా లైన్లు ఒక్కటొక్కటీ రాలిపోయాయి. హౌరా వైపు ముందే పోయింది. ప్రేమించినవాళ్ళే దానికి తిండి పెట్టలేదు బావగారూ.

నాన్నగారు: తిండి పెట్టకపోయినా డెబ్భై ఏళ్ళు ఎక్కువ బతికించారు కదయ్యా. మద్రాసులో 1953లో పోయింది 2024లోనూ అక్కడ నడుస్తూనే ఉంది. సత్యజిత్ రాయ్ మహానగర్ సినిమా ఎలా మొదలవుతుందో చూశావుగా? ట్రాము గడ, తీగ, నిప్పురవ్వలు. కొత్తగా ఉద్యోగానికి వెళ్ళే గృహిణి కథ చెప్పడానికి ఆయనకి ట్రాము కావాల్సొచ్చింది. మద్రాసులో మన తెలుగు సినిమావాళ్ళు అంతమంది కూర్చుని ఏం తీశారు? తియ్యడానికి అప్పటికి ట్రామే లేదు.

మామయ్య: సినిమా కోసం పట్టాలు ఉంచుతామా? పైగా ఆ ట్రాము కిందే జీవనానంద దాస్ లాంటి కవి 1954లో పడి ఎనిమిది రోజులకి పోయాడు. నెమ్మదిగా పోయే బండి కనక ప్రమాదం లేదనుకోకండి. ఇనుము మీద ఇనుము. ఒరిపిడి తక్కువని మీరు మెచ్చుకుంటారే, ఆ ఒరిపిడి తక్కువే బ్రేకు వేస్తే వెంటనే ఆగనివ్వదు. వానలో మరీను.

ఈ దశలో లోపల బియ్యం ఏరుకుంటున్న అమ్మ మాట కలిపింది. ట్రాము సంగతి తనకి తెలియదట. కానీ పట్టాలున్న బండి ఎక్కడ ఆగుతుందో తెలుస్తుందని, బెజవాడలో సిటీబస్సు స్టాపు దాటి అరఫర్లాంగు ముందుకెళ్ళి ఆగితే చంకలో పిల్లాడితో పరిగెత్తిన రోజులు తనకి గుర్తున్నాయని అంది. మామయ్య నవ్వి, ట్రాము రోడ్డు మధ్యలో ఆగుతుంది అక్కా, పిల్లాణ్ణి చంకనేసుకుని లారీల మధ్యనుంచి దానిదాకా నడవాలి, అన్నాడు. అదీ నిజమేలే, అంది అమ్మ.

నాన్నగారు: రోడ్డు మధ్యలో ఆగడం తప్పు కాదు. ఆ మధ్య భాగాన్ని దానికే వదిలిపెట్టకపోవడం తప్పు. కలకత్తాలో చాలాచోట్ల ట్రాముకి విడిగా దారి ఉండేది, గడ్డి మధ్య పట్టాలు. మోటార్లు పెరిగాక ఆ గట్లు తవ్వి, పట్టాల చుట్టూ కాంక్రీటు పోసి, కార్లకి దారి ఇచ్చారు. అక్కడినుంచి కారు ఆగితే ట్రాము ఆగాలి. తరవాత ఇది నెమ్మది బండి, ట్రాఫిక్కుకి అడ్డమని దాన్నే తిట్టారు.

మామయ్య: ఈ మాటకి నేను కాదనను. కాంక్రీటు సంగతొచ్చింది కనక ఒకటి చెబుతాను, మీకు నచ్చుతుంది. మెల్‌బోర్న్‌లో రిసన్ అని ఒక పెద్ద అధికారి, 1949నుంచి 1970 దాకా ట్రాము బోర్డు ఆయన చేతిలో ఉంది. ప్రపంచమంతా ట్రాములు పీకుతోంది, వాళ్ళ దేశంలో సిడ్నీ కూడా పీకేసింది. ఆయన ఏం చేశాడంటే పట్టాలని కాంక్రీటులో బిగించి వేయించాడు. రేపు ఏ మంత్రికి పీకాలని బుద్ధి పుట్టినా పీకే ఖర్చు చూసి ఆగిపోవాలని. ఇవాళ అక్కడ 250 కిలోమీటర్ల ట్రాము ఉంది, ప్రపంచంలో అన్నిటికన్నా పెద్దది. అదే కాంక్రీటు కలకత్తాలో కార్ల కోసం పోస్తే ట్రాముకి సమాధి అయింది.

నాన్నగారు: మరి ఇంకేం? మద్రాసుకి ఒక రిసన్ దొరకలేదు. అంతే కదా నేననేది!

మామయ్య: అంతే కాదు. మెల్‌బోర్న్‌లో వీధులు వెడల్పు, జనం పల్చన. జార్జిటౌను సందుల్లో ఎద్దుబండి, రిక్షా, సైకిలు, ట్రాము ఒకే పదడుగుల్లో నడిచాయి. ఒక బండి పాడైతే వెనకాల ఉన్నవన్నీ వరసగా నిలబడాలి. నా డిపోలో బస్సు బ్రేక్‌డౌన్ అయితే పక్కకి తోయించి స్పేర్ బండి పంపేవాణ్ణి, ఆ రూటు ఆగేది కాదు. తప్పుకోలేని బండికి ఊరంతా తప్పుకోవాలి. ఆ తప్పుకునే ఓపిక మన ఊళ్ళకి లేదు.

నాన్నగారు: ఇప్పుడు నా వంతు. నీ బస్సు సంగతి మాట్లాడదాం. 1932లో నిజాం రైల్వేవాళ్ళు 27 బస్సులతో మొదలుపెట్టిన సంస్థ నీది.

మామయ్య: చూశారా, రైళ్ళు నడిపేవాళ్ళే బస్సు పెట్టారు! పట్టా లేని చోటికి వెళ్ళాలని వాళ్ళకి తెలుసు.

నాన్నగారు: ఆగు. ట్రాము గురించి ఇందాకటినుంచీ నువ్వన్నవి ఒక్కసారి తలుచుకో. ఇవాళ నీ బస్సుకీ అవే. టిక్కెట్టు పెంచనివ్వరు. కొత్త బళ్ళు కొనడానికి డబ్బివ్వరు. ముందు షేర్ ఆటో వచ్చి జనాన్ని ఎత్తుకుపోతుంది. ఊరు ఒకవైపు పెరిగితే బండి ఇంకోవైపు. నష్టాలొస్తున్నాయి, మూసెయ్యండి, సగం ప్రైవేటుకిచ్చెయ్యండి అంటారు. 2019లో తెలంగాణలో యాభై రెండు రోజుల బస్సు సమ్మె జరిగినప్పుడు ప్రభుత్వం సగం రూట్లు ప్రైవేటుకిస్తామంది కదా. అప్పుడు నువ్వు నాకు ఫోను చేసి ఎంత మండిపడ్డావో గుర్తుందా? కంపెనీ దివాలా తియ్యలేదు, తీయించారన్నావు. ఈ మాట ఇవాళ పొద్దున నేనంటే నవ్వావు.

మామయ్య: అది వేరు.

నాన్నగారు: ఎందులో వేరు?

మామయ్య: బస్సు ఇంకా ఉపయోగమున్న బండి కనక. చూడండి, తెలంగాణలో 2023 డిసెంబరులో ఆడవాళ్ళకి ఉచితమన్నారు, మనకి 2025 ఆగస్టు 15నుంచి. ఒక్క రాత్రిలో బస్సులు కిక్కిరిశాయి. జనానికి అక్కర్లేని బండి అలా నిండదు. ఇక మిగిలింది ఆ డబ్బు ప్రభుత్వం సంస్థకి నెలనెలా కడుతుందా లేదా అన్నదే. అది కట్టినన్నాళ్ళూ బస్సు చావదు.

నాన్నగారు: ట్రాముకీ అదే కట్టమన్నాను. యుద్ధంలో కిక్కిరిసిపోయిందని నువ్వే అన్నావుగా! నిండు బండే చచ్చిపోయిందయ్యా. జనం ఎక్కకపోవడం వల్ల కాదు, ఎక్కినవాళ్ళ లెక్క ఎవరి ఖాతాలోనూ రాయకపోవడం వల్ల పోయింది.

(మామయ్య దీనికి సూటిగా బదులివ్వలేదు. ఇవ్వగలడనీ నేననుకోను. అయితే ఆయన దగ్గర ఇంకో అస్త్రం ఉంది.)

మామయ్య: సరే, డబ్బు సంగతే తీసుకుందాం. ఇప్పుడు చెన్నైలో ఆ పాత దారిలోనే, చాకలిపేట నుంచి సెంట్రల్ మీదుగా మౌంట్ రోడ్డు కింద మెట్రో పోతోంది. రెండో దశ 118.9 కిలోమీటర్లు, 63,246 కోట్లు. కిలోమీటరుకి ఐదు వందల కోట్ల పైమాటే. 24 కిలోమీటర్ల పట్టాలు నిలబెట్టలేని ఊరు ఇంత పెడుతోందని మీరంటారు. నేనొకటి అడుగుతాను. అంత ఖర్చు ఎందుకు పెడుతున్నారు? భూమి కిందా, ఆకాశంలోనూ ఎందుకు వేస్తున్నారు? రోడ్డు మీద ఉన్న కారునీ మోటారు సైకిలునీ ఒక్క అడుగు జరపడం ఎవరికీ ఇష్టం లేక. ఆ వేలకోట్లు రైలు ఖరీదు కాదండీ, కారువాణ్ణి కదపనందుకు కడుతున్న అద్దె. ట్రాము చావడానికి కారణం అదే అయితే, దాన్ని మద్రాసు ప్రభుత్వం మీదో కంపెనీ మీదో పెట్టకండి. మోటారు కొన్న ప్రతివాడూ దానికి బాధ్యుడే. అందులో మీ అబ్బాయీ ఉన్నాడు.

(ఆ అబ్బాయిని నేనే. కిందనే నా కారు నిలబెట్టి ఉంది. రాస్తూ కూర్చున్నవాణ్ణి తల ఎత్తలేదు.)

నాన్నగారు: వాడి సంగతి తరవాత. విశాఖలో మెట్రోతో పాటు ట్రాము లైన్లు కూడా వేద్దామని ఒక ప్రణాళిక తయారు చేశారు కదా. అది నేలమీదే పోతుంది. కిలోమీటరుకి మెట్రోలో కొంత ఖర్చే. దానికేమంటావు?

మామయ్య: వెయ్యమంటాను.

నాన్నగారు: వెయ్యమంటావా! ఇంతసేపూ కాదన్నవాడివి?

మామయ్య: నేను కాదన్నది 1953 నాటి తుప్పు బండిని. కొత్తది వేస్తే నాదొక్కటే షరతు. రోడ్డులో ఒక వరస పూర్తిగా దానికే వదలాలి. రాళ్ళ గట్టు కట్టాలి, ఆటో ఎక్కకూడదు, పెళ్ళి ఊరేగింపు ఎక్కకూడదు, మంత్రిగారి కాన్వాయీ ఎక్కకూడదు. సిగ్నల్ దగ్గర ముందు దానికే పచ్చదీపం. నడిపితే ఎంత నష్టమొస్తుందో ముందే లెక్కగట్టి ఆ సొమ్ము ఏటా బడ్జెట్లో రాయాలి. ఇవి రాసిచ్చి సంతకం పెట్టే కమిషనర్ని ఒక్కణ్ణి చూపించండి, మొదటి టిక్కెట్టు నేనే కొంటాను.

నాన్నగారు: సంతకం పెట్టేవాడు దొరక్కపోతే అప్పుడు ట్రాము చచ్చినట్టా, చంపినట్టా?

మామయ్య: అప్పుడు పుట్టనట్టు. మీరు మద్రాసు వదిలి ముందు గాజువాక రోడ్డు వెడల్పు ఎంతో కనుక్కోండి బావగారూ, మిగతాది రేపు మాట్లాడుకుందాం.